పెడర్సన్ రైఫిల్: టాగిల్ ఉండగా తూటాకు మైనం ఎందుకు?

పెడర్సన్ రైఫిల్ అంటే 1920లలో అమెరికా సైన్యం కోసం చేసిన సెల్ఫ్‌లోడింగ్ రైఫిల్, అంటే కాల్చిన ప్రతిసారీ తర్వాతి తూటాను తనే ఎక్కించుకునేది. దాని గురించి అడిగిన సంగతులు మూడు. దానికి లూగర్ పిస్టల్‌లాగా టాగిల్ (మధ్య కీలుతో మోకాలులా మడిచే రెండు లింకులు) ఉంది కదా, అంటే బ్రీచ్ (బ్యారెల్ వెనక మూసుకునే చోటు) లాక్ అయ్యే ఉంటుంది, మరి తూటాకు మైనం ఎందుకు పూశారు? ఆ మైనం వల్లే అమెరికా సైన్యం దాన్ని వద్దందా? జనరల్ మెకార్థర్ అడ్డుపడకపోయుంటే గారండ్ రైఫిల్ బదులు ఇదే వచ్చేదా?

మొదటి ప్రశ్నలోనే చిక్కు ఉంది. పెడర్సన్ టాగిల్ బ్రీచ్‌ని లాక్ చెయ్యదు, తెరుచుకోవడాన్ని కాసేపు ఆపుతుంది, అంతే. ఈ ఒక్కటి సరిగ్గా పట్టుబడితే మైనం ఎందుకో తెలుస్తుంది, పరీక్షల్లో వచ్చిన అభ్యంతరాల్లో సగం కూడా అర్థమవుతాయి. అందుకే ముందు యంత్రం గురించి, తర్వాత చరిత్ర గురించి రాస్తాను. కింద తూటా అంటే కేసు, మందు, బులెట్ అన్నీ కలిసిన మొత్తం. బులెట్ అంటే ముందుకు పోయే ముక్క మాత్రమే. ఛాంబర్ అంటే బ్యారెల్ వెనక తూటా కూర్చునే గది, బోల్టు అంటే దాన్ని వెనక నుంచి మూసే ఉక్కు ముక్క, రిసీవర్ అంటే వీటిని పట్టి ఉంచే చట్రం.

రైఫిల్ తూటా పేలినప్పుడు ఛాంబర్‌లో ఒత్తిడి చదరపు సెంటీమీటరుకు సుమారు 3,500 కిలోల దాకా పోతుంది. కేసు లోపలి వ్యాసం ఒక సెంటీమీటరు అనుకుంటే వైశాల్యం 0.785 చదరపు సెంటీమీటర్లు. గుణిస్తే బోల్టు మొహం మీద పడే తోపు రెండు వేల ఏడు వందల కిలోలు దాటుతుంది. ఇది ఉండేది సెకనులో వెయ్యో వంతు చుట్టుపక్కలే, కానీ ఆ కొద్ది వ్యవధిలోనే బ్రీచ్ మూసి ఉండాలి. లేకపోతే ఛాంబర్ గోడ ఆసరా తప్పిన ఇత్తడి పగిలి, మంట షూటర్ మొహానికి వస్తుంది.

చిన్న పిస్టళ్లలో, స్టెన్‌లాంటి సబ్‌మెషిన్‌గన్లలో ఈ పని బోల్టు బరువే చూసుకుంటుంది. అదే పద్ధతి ఆనాటి అమెరికా సైన్యపు రైఫిల్ తూటా .30-06కు పనికొస్తుందేమో లెక్క వేసి చూడండి. 150 గ్రెయిన్ల బులెట్ అంటే 9.7 గ్రాములు. మందు సుమారు 3.2 గ్రాములు, అందులో సగం బులెట్‌తోపాటు ముందుకు కదులుతుందని లెక్క. మొత్తం 11.3 గ్రాములు 61 సెంటీమీటర్ల బ్యారెల్ దాటాలి. ఈలోగా బోల్టు 0.8 మిల్లీమీటర్లకు మించి వెనక్కి రాకూడదనుకుంటే, రెండువైపులా ద్రవ్యవేగం సమానం కాబట్టి బోల్టు బరువు ఎనిమిదిన్నర కిలోలు ఉండాలి. ఆనాటి సిపాయి చేతిలోని స్ప్రింగ్‌ఫీల్డ్ 1903 రైఫిల్ మొత్తం బరువే నాలుగు కిలోలు. కాబట్టి ఉత్త బ్లోబ్యాక్, అంటే బోల్టు బరువుతోనే ఆపే పద్ధతి, కుదరదు. మిగిలేవి రెండు దారులు. ఒకటి, బోల్టుని గట్టిగా లాక్ చేసి, బులెట్ వెళ్లాక గ్యాస్‌తోనో రీకాయిల్ (వెనక్కి కొట్టే కుదుపు)తోనో విప్పడం. రెండోది, లాక్ చెయ్యకుండా, తేలిక బోల్టుకే ఏదో ఒక మెలిక పెట్టి బరువైన బోల్టులా ప్రవర్తించేలా చెయ్యడం. పెడర్సన్ రెండో దారి పట్టాడు.

ఇక లూగర్‌తో పోలిక. లూగర్‌లో టాగిల్ మధ్య కీలు, ముందు వెనక పిన్నులను కలిపే గీతకు కొద్దిగా కింద ఉంటుంది. వెనక్కి ఎంత తోస్తే అంత బిగుసుకుంటుంది తప్ప తెరుచుకోదు. అది లాకే. విప్పాలంటే బ్యారెల్, టాగిల్ రెండూ కలిసి కొంచెం వెనక్కి జరిగి, ఫ్రేమ్ మీది వాలుకు టాగిల్ గుబ్బలు తగిలి కీలు పైకి లేవాలి. మాక్సిమ్ మెషిన్‌గన్ కూడా ఈ కుటుంబమే.

పెడర్సన్‌లో బ్యారెల్ కదలదు, రిసీవర్‌కు బిగించి ఉంటుంది. కీలు గీతకు కొద్దిగా పైనే కూర్చుంటుంది. అంటే పేలిన క్షణం నుంచే తోపు కీలుని పైకి లేపాలని చూస్తుంది, లేపుతుంది కూడా. కాకపోతే మొదట్లో ఆ లేపే బలం చాలా తక్కువ. దాదాపు నిటారుగా ఉన్న మోకాలు మీద బరువు పెడితే నిలబడుతుంది, బాగా వంగిన మోకాలు మీద పెడితే కూలుతుంది. ఇక్కడా అంతే. కీలు కొంచెం పైకి లేచేసరికే బోల్టు కదిలిన దూరం వెంట్రుకవాసి, కానీ బరువైన లింకులు అంతకన్నా చాలా ఎక్కువ దూరం, ఎక్కువ వేగంతో కదలాల్సి వస్తుంది. వాటిని కదిలించడంలోనే శక్తి ఖర్చవుతుంది. అందువల్ల తేలిక బోల్టు ఆ తొలి క్షణంలో కిలోల కొద్దీ బరువున్నట్టు ప్రవర్తిస్తుంది.

పెడర్సన్ పనితనం కనపడేది లింకులు ఒకదానికొకటి ఆనే చోట. లూగర్‌లోలా భారమంతా పిన్నుల మీద వెయ్యలేదు. భారం మోసేవి లెక్క కట్టి కోసిన వంపు ముఖాలు. కీలు లేస్తున్న కొద్దీ ఒక వంపు మరో వంపు మీద దొర్లుతూ, ఆనే చోటు మారుతూ పోతుంది. మొదట్లో ఆనే చోటు తోపుకు అననుకూలంగా ఉంటుంది కాబట్టి టాగిల్ మొరాయిస్తుంది. బులెట్ బ్యారెల్ దాటి ఒత్తిడి పడిపోయే వేళకు ఆనే చోటు అనుకూలమైన స్థానానికి వచ్చి, టాగిల్ ఒక్కసారిగా పైకి మడుచుకుంటుంది. ఆలస్యం ఎంతసేపన్నది పూర్తిగా ఆ వంపుల ఆకారంలోనే ఉంది. స్ప్రింగ్ బలం పెంచి దాన్ని సరిదిద్దలేం, ఎందుకంటే రెండు వేల కిలోల పైచిలుకు తోపు ముందు స్ప్రింగ్ ఎంత? అందుకే వంపు కోతలో కాస్త తేడా వచ్చినా, వాడకంలో అరిగినా తెరుచుకునే సమయం మారిపోతుంది. ఇలాంటి ముఖాలను వేల సంఖ్యలో ఒకేలా కొయ్యడం కార్ఖానాకు పెద్ద పరీక్ష. పెడర్సన్‌కి ఇది తెలియక కాదు. రైఫిల్‌తోపాటు దాన్ని తయారు చేసే యంత్రాలు, గేజీల గురించి కూడా ముందే ఆలోచించిన అరుదైన డిజైనర్ ఆయన.

ఇప్పుడు మైనం సంగతి. పేలినప్పుడు ఇత్తడి కేసు ఉబ్బి ఛాంబర్ గోడకు అతుక్కుంటుంది. లాక్ అయ్యే రైఫిల్‌లో ఒత్తిడి పోయేదాకా బోల్టు కదలదు, కేసు మళ్ళీ కాస్త ముడుచుకుని వదులవుతుంది, తర్వాతే ఎక్స్‌ట్రాక్టర్ కొక్కెం దాన్ని బయటికి లాగుతుంది. పెడర్సన్‌లో అలా కాదు. లోపల ఒత్తిడి ఇంకా బలంగా ఉండగానే కేసు మడమ (వెనక భాగం) బోల్టుతోపాటు వెనక్కి జరగాలి. గోడలు మాత్రం ఛాంబర్‌ని పట్టుకునే ఉంటాయి. పొడి కేసయితే జరిగేది మూడింటిలో ఒకటి. రాపిడి శక్తిని తినేసి టాగిల్ సగంలో ఆగుతుంది. లేదా ఎక్స్‌ట్రాక్టర్ కొక్కెం కేసు అంచు (రిమ్) ముక్కని చీల్చుకుని వచ్చి, కేసు ఛాంబర్‌లోనే ఉండిపోతుంది. లేదా మడమకు కాస్త పైన కేసు సాగి, చుట్టూ తెగి, వెనక ముక్క బయటికి, ముందు ముక్క లోపల. మూడోది అన్నిటికన్నా చెడ్డది. తర్వాతి తూటా ఆ ముక్కలోకి దూరి ఇరుక్కుంటుంది, విరిగిన కేసు లాగే పనిముట్టు లేకుండా సిపాయి చేయగలిగేది ఏమీ ఉండదు.

కేసు జారాలి. దీనికి అప్పటికి తెలిసిన మందు నూనె. ఆస్ట్రియా వారి ష్వార్జ్‌లోజె మెషిన్‌గన్ కూడా ఆలస్యపు టాగిల్ యంత్రమే, దాని తొలి నమూనాల్లో తూటాకు నూనె కొట్టే పంపు లోపలే ఉండేది. పెడర్సన్ కాలంలోనే పోటీకి వచ్చిన థాంప్సన్ ఆటోరైఫిల్‌లో నూనెలో నానబెట్టిన మెత్తలు మేగజైన్‌లో పెట్టారు. నూనెతో తంటా ఏమిటంటే దుమ్ము, ఇసుక దానికే అంటుకుని ఛాంబర్‌లోకి పోతాయి. పెడర్సన్ ఇది చూసి, సెరెసిన్ అనే గట్టి ఖనిజ మైనాన్ని కేసు మీద పలచటి పొరగా పట్టించే పద్ధతి తయారు చేశాడు. ఆ పొర కంటికి ఆనదు, చేతికి జిడ్డు తగలదు, మామూలు ఎండకు కరగదు. ఛాంబర్ వేడికి, ఒత్తిడికి మాత్రం జారుడుగా పనిచేస్తుంది. కేసుని కొంచెం ఎక్కువ ఏటవాలుగా చెయ్యడం కూడా ఇందుకే. ఏటవాలు కేసు కాస్త వెనక్కి జరగగానే గోడను వదిలేస్తుంది.

ఇక్కడ సైనికాధికారుల అనుమానానికి ఒక నేపథ్యం ఉంది. 1921లో అమెరికా నేషనల్ మ్యాచ్ షూటింగ్ పోటీలకు ఇచ్చిన .30-06 తూటాల బులెట్లకు తగరపు పూత వేశారు. బ్యారెల్‌లో నికెల్ మడ్డి పట్టకుండా అదివరకు బులెట్లకు గ్రీజు రాసే అలవాటున్న షూటర్లు, వద్దన్నా వీటికీ రాశారు. తగరం కేసు మెడకు అతుక్కుని బులెట్ అసలే బిగుతుగా ఉంది, ఆ మెడ చుట్టూ గ్రీజు చేరి విప్పారే చోటు లేకుండా చేసింది. ఒత్తిడి హద్దు దాటి కొన్ని రైఫిళ్లు పాడయ్యాయి. లాక్ అయ్యే రైఫిల్‌లో కేసుకు జిడ్డు ఉంటే మరో నష్టం కూడా ఉంది: గోడ పట్టు పోయి, బోల్టు మీద పడే తోపు పెరుగుతుంది. ఇలాంటి అనుభవం ఉన్నవాళ్లకు తూటాకు ఏదైనా పూయడం అంటేనే భయం. పెడర్సన్ మైనం వేరు, అది లెక్కలో భాగం. అయినా సరఫరా అధికారి దృష్టిలో ఆ తేడా నిలవడం కష్టం.

ఇదే సమస్యకు తర్వాతి తరం కనిపెట్టిన విరుగుడు ఛాంబర్ గోడలో నిలువు గాళ్లు (సన్నటి గాడులు). వాటి గుండా గ్యాస్ కేసు బయటివైపు చేరి, లోపలి ఒత్తిడికి ఎదురు నిలుస్తుంది, కేసు గ్యాస్ మీద తేలుతుంది. జర్మన్ జి-3 రైఫిల్, ఎంపీ-5 సబ్‌మెషిన్‌గన్ ఆలస్యపు బ్లోబ్యాక్ యంత్రాలే, వాటిలో ఈ గాళ్లు ఉంటాయి. ఎంపీ-5 కాల్చి పడేసిన ఖాళీ కేసు చేతిలోకి తీసుకుని చూస్తే చుట్టూ నిలువుగా మసి చారలు కనపడతాయి, ఆ గాళ్ల గుర్తులే అవి. మన దగ్గర ఏళ్ల తరబడి వాడిన ఇషాపూర్ ఎస్‌ఎల్‌ఆర్ రైఫిల్ ఖాళీ కేసు మీద ఆ చారలు ఉండవు. అది గ్యాస్‌తో నడిచి, బోల్టు వెనక భాగం కిందికి వాలి లాక్ అయ్యే రకం, దానికి ఈ అవసరమే లేదు.

ఇక చరిత్ర. జాన్ డగ్లస్ పెడర్సన్ 1881లో నెబ్రాస్కా రాష్ట్రంలోని గ్రాండ్ ఐలండ్‌లో పుట్టాడు. రెమింగ్టన్ కంపెనీకి షాట్‌గన్లు, పంప్ రైఫిళ్లు, మోడల్ 51 పిస్టల్ రూపొందించాడు. మొదటి ప్రపంచ యుద్ధంలో ‘పెడర్సన్ డివైస్’ చేశాడు. చాలామంది దాన్నీ ఈ రైఫిల్‌నీ కలిపేస్తారు, రెండూ వేరు. డివైస్ అంటే 1903 రైఫిల్ బోల్టు తీసి ఆ స్థానంలో పెట్టే చిన్న యంత్రం, 40 చిన్న తూటాల మేగజైన్‌తో. సుమారు 65,000 తయారయ్యాయి, యుద్ధం ముగిసింది, వాడకుండానే చివరికి ధ్వంసం చేశారు.

1920ల మొదట్లో సైన్యపు ఆయుధ కార్ఖానా స్ప్రింగ్‌ఫీల్డ్ ఆర్మరీలో జాన్ గారండ్ తయారు చేస్తున్న రైఫిల్ .30-06ది, ప్రైమర్‌తో (కేసు అడుగున ఉండి మందు అంటించే చిన్న మూతతో) నడిచేది. పేలినప్పుడు ప్రైమర్ కాస్త వెనక్కి ఉబికి, ఆ కదలికతోనే లాక్ విప్పేది. తర్వాత సైన్యం మందు మార్చి, ప్రైమర్లను కేసులోకి నొక్కి బిగించడం మొదలుపెట్టేసరికి ఆ పద్ధతి మూలన పడింది. పెడర్సన్ ఆలోచన పూర్తిగా వేరు. ముందు తూటా, తర్వాత దాని చుట్టూ రైఫిల్ అన్నాడు. సెల్ఫ్‌లోడింగ్ రైఫిల్‌కి .30-06 అనవసరమైనంత బలమైనది, వేడి ఎక్కువ, కుదుపు ఎక్కువ అని ఆయన వాదన. సైన్యపు ఆర్డ్‌నెన్స్ (ఆయుధాల) విభాగం ఒప్పుకుంది. 1924లో ఆయన స్ప్రింగ్‌ఫీల్డ్‌లో జీతం మీద, పేటెంట్ రాయల్టీ హక్కుతో పని మొదలుపెట్టాడు.

తయారైన తూటా .276 పెడర్సన్. ఆ 0.276 అంగుళం బ్యారెల్ లోపలి గట్ల మధ్య కొలత, బులెట్ అసలు వ్యాసం 0.284 అంగుళం, అంటే మనం 7 మిల్లీమీటర్లు అనేది. కేసు పొడవు 51 మిల్లీమీటర్లు. బులెట్ 125 గ్రెయిన్లు, అంటే 8.1 గ్రాములు, వేగం సెకనుకు 800 మీటర్ల చుట్టుపక్కల. కుదుపు బాగా తక్కువ, అదే బరువుకు ఎక్కువ తూటాలు మొయ్యొచ్చు. పది తూటాలను ఉక్కు క్లిప్పులో పేర్చి, క్లిప్పుతో సహా రైఫిల్‌లోకి తోసేవారు. 1926లో రైఫిల్ బయటికి వచ్చింది, టి-1 అన్న పేరు పెట్టారు. అప్పటిదాకా సెల్ఫ్‌లోడింగ్ అంటే బరువు, పెళుసు అనుకున్న అధికారులకు నిజంగా సిపాయి మొయ్యగల రైఫిల్ కనిపించింది. ఆ గౌరవం పెడర్సన్‌కి ఇవ్వాల్సిందే.

ఇంత చిన్న బులెట్ మనిషిని ఆపుతుందా అన్న సందేహంతో 1928లో సైన్యపు ఆయుధ పరీక్షల మైదానం అబర్డీన్ ప్రూవింగ్ గ్రౌండ్‌లో ‘పిగ్ బోర్డ్’ పరీక్షలు జరిపారు. మత్తు ఇచ్చిన పందుల మీద .30, .276, .256 బులెట్లు కాల్చి గాయాలు పరిశీలించారు. సాధారణ పోరాట దూరాల్లో చిన్న బులెట్టే ఎక్కువ గాయం చేసిందని తేలింది, శరీరంలోకి వెళ్లగానే అది త్వరగా పల్టీ కొడుతుంది కాబట్టి. 1930లో మేకల మీద మరో విడత జరిగింది. .276కి పరువు దక్కింది. కానీ ఇక్కడే పెడర్సన్‌కి తెలియకుండా దెబ్బ పడింది. తూటా బాగుందని నిరూపణ కాగానే గారండ్‌ని కూడా .276లో రైఫిల్ చెయ్యమన్నారు. అది టి-3. పెడర్సన్ తూటానే పోటీదారుకి దారి చూపింది.

1929లో అబర్డీన్‌లో పెద్ద పోటీ జరిగింది. చెక్ జెడ్‌హెచ్-29, థాంప్సన్, జర్మనీ నుంచి రైన్‌మెటల్, మరికొన్ని వచ్చాయి. చివరికి నిలిచినవి పెడర్సన్, గారండ్. గారండ్ రైఫిల్ గ్యాస్‌తో నడిచి, బోల్టు తిరిగి లాక్ అయ్యేది. పొడి తూటాతో పనిచేసేది. భాగాలు తక్కువ, చెయ్యడం సులువు.

మీ రెండో ప్రశ్నకు జవాబు ఈ పోలికలోనే ఉంది. మైనం ఒక్కటే కారణం కాదు, కానీ అన్నిటికన్నా బరువైన కారణం అదే. మైనం పూసిన తూటా ప్రయోగశాలలో బాగానే ఉంటుంది. యుద్ధంలో పూత సరిగ్గా పడని పెట్టె ఒకటి వస్తే సెల్ఫ్‌లోడింగ్ రైఫిల్ కాస్తా బోల్టు రైఫిల్ కన్నా హీనమవుతుంది. దానికి తోడు టాగిల్ పైకి లేస్తుంది. కాల్చిన ప్రతిసారీ కంటికి, చూపు గీతకు దగ్గరగా ఒక ఉక్కు ముక్క ఎగిరి పడటం షూటర్లకు నచ్చలేదు. అది లేచినప్పుడు రిసీవర్ పైభాగం బార్లా తెరుచుకుంటుంది, మట్టి పడేందుకు అంతకన్నా అనువైన చోటు లేదు. వంపు ముఖాల తయారీ కష్టం పైన చెప్పాను. తొలి క్లిప్పుకు తల, తోక ఉండేవి, తిరగేసి పెడితే లోపలికి పోదు. చీకట్లో, కంగారులో ఇది చిన్న విషయం కాదు. తర్వాత ఎటు పెట్టినా పనిచేసే క్లిప్పు చేశారు. గారండ్ ఎం-1లో మనం చూసే ఎనిమిది తూటాల క్లిప్పు ఈ వంశంలోదే.

మూడో ప్రశ్నలో ఉన్నది బాగా పాతుకుపోయిన అపోహ. సైనిక బోర్డు 1932 జనవరిలోనే .276 గారండ్‌ని, అంటే టి-3ఇ2ని సిఫారసు చేసింది. పెడర్సన్ అప్పటికే ఓడిపోయాడు. ఫిబ్రవరిలో ఆర్మీ చీఫ్ ఆఫ్ స్టాఫ్ డగ్లస్ మెకార్థర్ కాదన్నది రైఫిల్‌ని కాదు, కొత్త క్యాలిబర్‌ని (తూటా కొలతని). గోదాముల్లో .30 తూటాలు గుట్టలుగా ఉన్నాయి, మెషిన్‌గన్లన్నీ వాటివే, ఆర్థిక మాంద్యం రోజులు, రెండు రకాల తూటాల సరఫరా భారం వద్దన్నాడు. గారండ్ దగ్గర అప్పటికే ఒక .30 నమూనా ఉంది. పరీక్షలో బోల్టు బీటలిచ్చి పక్కన పెట్టింది. దాన్ని సరిచేసి ముందుకు తెచ్చారు, అదే 1936 జనవరిలో ఎం-1గా అధికారికమైంది. పెడర్సన్‌కి ఆ వెసులుబాటు లేదు. ఆయన వంపులు, టాగిల్ బరువు, కేసు ఏటవాలు అన్నీ .276కి కట్టిన లెక్కలు. .30-06కి మారాలంటే రైఫిల్ మళ్ళీ మొదటి నుంచి గియ్యాలి. మెకార్థర్ మాట వినకుండా .276నే తీసుకుని ఉంటే సిపాయి చేతికి వచ్చేది .276 గారండ్. పెడర్సన్ కాదు.

అమెరికా బయట కథ కొంచెం సాగింది. ఇంగ్లండ్‌లో వికర్స్ కంపెనీ లైసెన్స్ తీసుకుని కొన్ని రైఫిళ్లు తయారు చేసింది, బ్రిటిష్ సైన్యం పరీక్షించి వద్దంది. జపాన్ 1930లలో అదే టాగిల్‌తో, క్లిప్పు బదులు గుండ్రంగా తిరిగే మేగజైన్ పెట్టి, 6.5 మిల్లీమీటర్ల తూటాకు కొద్ది నమూనాలు చేసింది. అవీ సైన్యంలోకి రాలేదు.

ఫొటోల్లో, మ్యూజియంలో గుర్తుపట్టాలంటే: ముందు బ్యారెల్ కింద చూడండి, గ్యాస్ గొట్టం ఉండదు. రిసీవర్ పైన, రెండు లింకులు కలిసే చోట గుబ్బ, పక్కన లాగే పిడి కనిపిస్తాయి. పైకి మడుచుకుని ఉన్న ఫొటో దొరికితే లింకుల చివరల్లో మెరిసే వంపు ముఖాలు స్పష్టంగా కనపడతాయి. రిసీవర్ ఎడమ పక్కన కోడిగుడ్డు ఆకారపు చిన్న కిటికీ ఉండి, మిగతా అంతా మామూలు 1903 బోల్టు రైఫిల్‌లా ఉందంటే అది 1903 మార్క్ 1, పెడర్సన్ డివైస్ కోసం చేసినది. వేలం పాటల జాబితాల్లో ‘పెడర్సన్ రైఫిల్’ అని తరచూ కనపడేది ఈ మార్క్ 1నే. ధర చూసి సంబరపడే ముందు ఆ కిటికీ ఉందో లేదో చూసుకోండి.